యాఫా సముద్రం చూసొచ్చాం, మావారూ పెద్దాడూ లేకుండా

2023 ఏప్రిల్ 14, శుక్రవారం, రంజాన్ ఆఖరి జుమా. ఆ రోజు నేనూ, మా అత్తగారూ, పదేళ్ల మా అమ్మాయీ, ఏడేళ్ల చిన్నాడూ ఇజ్రాయెల్ తీరంలో టెల్ అవీవ్‌ని ఆనుకుని ఉన్న యాఫా వెళ్లి సముద్రం చూసి వచ్చాం. మావారికి 44 ఏళ్లు, పెద్దాడికి 13. వాళ్లిద్దరినీ ఇజ్రాయెల్ వాళ్లు రానివ్వరు. నాలాగా ఇండియా నుంచి పాలస్తీనాకి కోడళ్లుగా వచ్చినవాళ్లు కొందరు ఉన్నారు, పిల్లల్ని తీసుకెళ్లాలని వాళ్లకీ ఉంటుంది కాబట్టి ఏం జరిగిందో వరసగా రాస్తున్నాను. డబ్బు ఎంత అయిందో, ఎక్కడ ఎంతసేపు నిలబడ్డామో కూడా.

మేం ఉండేది ఇజ్రాయెల్ ఆక్రమణలో ఉన్న పాలస్తీనా ప్రాంతం వెస్ట్ బ్యాంక్‌లో, రమల్లాని ఆనుకుని ఉన్న అల్-అమరి శరణార్థి శిబిరంలో. శిబిరం అంటే గుడారాలు అనుకోకండి. 1949లో గుడారాలే, ఇప్పుడు ఇరుకు సందుల్లో ఒకదాని మీద ఒకటి కట్టుకున్న సిమెంటు ఇళ్లు. రమల్లా పడమటి అంచున కొండ మీదికి వెళితే, వాన కురిసి గాలి తేటపడిన సాయంత్రాల్లో తీరం కనిపిస్తుంది. టెల్ అవీవ్ భవనాలు, వాటి వెనక ఒక వెండి గీత. అదే సముద్రం. ఇక్కడి పిల్లలందరికీ ఆ గీత తెలుసు. గూట్లో బొమ్మని చూపించినట్టు పెద్దవాళ్లు దాన్ని చూపిస్తారు.

నా సంగతి కొంచెం చెప్పాలి, లేకపోతే ఈ ప్రయాణానికి ఇన్నేళ్లు ఎందుకు పట్టిందో అర్థం కాదు. మాది చీరాల. దూదేకుల వాళ్లం, ఇంట్లో తెలుగే. మావారు ఉస్మానియాలో చదువుకోవడానికి వచ్చినప్పుడు పరిచయం, నిఖా అయ్యాక 2009లో విజిటర్ వీసా మీద ఇక్కడికి వచ్చాను. బయటి దేశం కోడలికి ఇక్కడి ఐడీ రావాలంటే ‘లమ్ షమ్ల్’ అనే దరఖాస్తు పెట్టుకోవాలి, అంటే కుటుంబాన్ని ఒకచోట కలపమని అడగడం. కాగితాలు తీసుకునేది పాలస్తీనా వాళ్లు, ఒప్పుకోవాల్సింది ఇజ్రాయెల్ వాళ్లు. 2000లో రెండో ఇంతిఫాదా, అంటే పాలస్తీనా వాళ్ల తిరుగుబాటు, మొదలయ్యాక అది ఆగిపోయింది. 2008, 2009 ప్రాంతంలో కొన్ని వేల మందికి ఇచ్చి మళ్లీ ఆపేశారు. నేను సరిగ్గా ఆ ఆగిన తర్వాత వచ్చాను. వీసా గడువు అయిపోయింది, పొడిగింపు రాలేదు. ఇక అప్పటి నుంచి నేను ఏ కాగితం లేని మనిషిని. రోడ్డు మీద చెక్‌పాయింట్ ఉంటుందని తెలిస్తే ఆ ఊళ్లో పెళ్లికి కూడా వెళ్లేదాన్ని కాదు. ఇండియా వెళితే మళ్లీ లోపలికి రానివ్వరు. మా నాన్న పోయినప్పుడు ఫోన్‌లోనే చూశాను. దాని గురించి ఇంతకంటే రాయలేను.

2021 ఆగస్టు చివర్లో ఇజ్రాయెల్ రక్షణ మంత్రి బెన్నీ గాంట్జ్, పాలస్తీనా అధ్యక్షుడు మహమూద్ అబ్బాస్ కలిశారు. ఆ తర్వాత ఐడీకి ఒప్పుకున్నవాళ్ల జాబితాలు మళ్లీ రావడం మొదలైంది. జాబితా వచ్చిందని తెలియగానే మావారు ఫోన్‌లో పేజీలు జరుపుతూ నా పేరు వెతికేవారు, నేను వంటింట్లోంచి ఆయన మొహం చూసేదాన్ని. 2022 మొదట్లో ఒక జాబితాలో నా పేరు వచ్చింది. ఆ వసంతంలో ఐడీ చేతికి వచ్చింది. ఆకుపచ్చ ప్లాస్టిక్ కవరు, లోపల కార్డు, దానితో పాటు మడతపెట్టిన ఒక కాగితం, అందులో మావారి పేరు, పిల్లల పేర్లు. దాన్ని ఇక్కడ హవియ్యా అంటారు. అత్తగారు దాన్ని రెండు చేతులతో పట్టుకుని ముద్దు పెట్టుకున్నారు.

ఆ ఏడాది వేసవిలో చీరాల వెళ్లొచ్చాను, ఒక్కదాన్నే, అందరికీ టిక్కెట్లు కొనే స్తోమత లేదు. ఇంకో సంగతి, హవియ్యా వచ్చాక టెల్ అవీవ్ దగ్గరున్న విమానాశ్రయం నుంచి ఎక్కడం కుదరదు. మన పాస్‌పోర్టు చెల్లుబాటులో ఉన్నా సరే, ఈ ఐడీ ఉన్నవాళ్లు జెరికో మీదుగా వంతెన దాటి జోర్డాన్ వెళ్లి, అమ్మాన్‌లో విమానం ఎక్కాల్సిందే. మా ఊరి దగ్గరి సముద్రపు ఒడ్డు వాడరేవులో మోకాలి లోతు నీళ్లలో నిలబడి ఇంటికి వీడియో కాల్ చేశాను. పిల్లలు ముగ్గురూ ఒకరినొకరు తోసుకుంటూ చూశారు. చిన్నాడు “మనం ఎప్పుడు?” అన్నాడు. వేల కిలోమీటర్ల దూరంలో ఉన్న సముద్రం దగ్గరికి నేను వెళ్లగలిగాను. వాళ్లకి ఇంటి నుంచి ఒక గంట దూరంలో సముద్రం ఉంది.

మావారికి మాత్రం సముద్రం తెలుసు. ఇది నాకు పెళ్లయిన చాలా రోజులకి గానీ తెలియలేదు. 1967 తర్వాత చాలా ఏళ్లు వెస్ట్ బ్యాంక్ వాళ్లు అటూ ఇటూ పర్మిట్ లేకుండానే తిరిగేవారట. 1991లో అందరికీ కలిపి ఉన్న ఆ అనుమతి తీసేసి మనిషి మనిషికీ పర్మిట్ పెట్టారు, 1993లో దారి పూర్తిగా బిగించారు. అంతకు ముందు మా మామగారు వేసవిలో శుక్రవారాలు అందరినీ పాత ప్యూజో కారులో ఎక్కించుకుని యాఫా తీసుకెళ్లేవారు. పెద్ద పుచ్చకాయ, జున్ను, రొట్టెలు. మావారు ఈత నేర్చుకున్నది అక్కడే. కాబట్టి ఇక్కడ ముసలివాళ్లూ నడివయసు వాళ్లూ సముద్రం చూసినవాళ్లు, పిల్లలే చూడనివాళ్లు. మామూలుగా ఏ దేశంలోనైనా తాత చూడనిది మనవడు చూస్తాడు.

2023 రంజాన్‌కి ఇజ్రాయెల్ సైన్యం ప్రకటించిన, ఆ ఏడాది నడిచిన నిబంధన ఇది. శుక్రవారాల్లో జెరూసలేంలోని అల్-అక్సా మసీదులో నమాజుకి వెస్ట్ బ్యాంక్ నుంచి ఏ వయసు ఆడవాళ్లయినా పర్మిట్ లేకుండా రావచ్చు. మగవాళ్లు 55 దాటితే పర్మిట్ అక్కర్లేదు, 45 నుంచి 55 మధ్యవాళ్లకి పర్మిట్ ఉండాలి. అంతకంటే చిన్నవాళ్లు రాకూడదు. మగపిల్లలు 12 దాకా రావచ్చు. అత్తగారికి 71, ఆమె 50 దాటిన ఆడవాళ్ల లెక్కలో అప్పట్లో మామూలు రోజుల్లో కూడా వెళ్లగలిగేవారు. నాకు కాగితం లేక, పిల్లల్ని ఒక్కరే సంభాళించలేక ఆవిడ ఎప్పుడూ తీసుకెళ్లలేదు. ఇప్పుడు నాకు హవియ్యా ఉంది. పెద్దాడికి ఫిబ్రవరిలో పదమూడు నిండాయి.

ఆ నిబంధన చదివిన రాత్రి మావారు పెద్దాడితో చాలాసేపు మాట్లాడారు, ఏం మాట్లాడారో నాకు చెప్పలేదు.

మొదట ఏప్రిల్ 7న అనుకున్నాం. 4వ తేదీ రాత్రి, తెల్లవారితే 5 అనగా, అల్-అక్సా లోపలికి పోలీసులు చొరబడి నమాజు చేసేవాళ్లని కొట్టి, వందల మందిని పట్టుకెళ్లారు. వీడియోలు చూశాక పిల్లల్ని తీసుకుని ఎలా వెళ్తాం? ఆగిపోయాం. 7వ తేదీ సాయంత్రం టెల్ అవీవ్ సముద్రపు ఒడ్డునే జనం మీదికి కారు దూసుకెళ్లి ఒక ఇటలీ పర్యాటకుడు చనిపోయాడు. మేం వెళ్లాలనుకున్న చోటికి దగ్గరే. మావారు ఈసారికి వద్దన్నారు. నేనూ వద్దనే అనుకున్నాను. వద్దనుకోనిది అత్తగారొక్కరే. “వచ్చే ఏడాదికి చిన్నాడికి ఎనిమిది. ఆ తర్వాత వీడికీ పన్నెండు దాటతాయి. ప్రశాంతంగా ఉన్న సంవత్సరం కోసం కూర్చుంటే ఎవరూ ఏదీ చూడరు,” అన్నారు. 12వ తేదీ రాత్రి ఖాయం చేసుకున్నాం.

పట్టుకెళ్లాల్సినవి రాస్తాను. హవియ్యా, దానిలోని మడత కాగితంతో సహా. పిల్లల బర్త్ సర్టిఫికెట్లు, ఒరిజినల్‌వి, జిరాక్సు కాదు. పిల్లలకి రెండు జతల బట్టలు, పెద్ద తువ్వాళ్లు. డబ్బు చిల్లరగా. ఇఫ్తార్‌కి ఖర్జూరాలు, నీళ్లు, చెయ్యి తడవకుండా తినగలిగే తిండి. నేను కిబ్బె (గోధుమ రవ్వ, మాంసం ఉండలు) వేయించి పెట్టాను, అత్తగారు ద్రాక్షాకుల చుట్టలు చేశారు. చలికి స్వెటర్లు. ఏప్రిల్‌లో సాయంత్రం గాలి చాలా చల్లగా ఉంటుంది, నేను చీరాల లెక్కలో ఆలోచించి పిల్లలకి పల్చటివి తీస్తుంటే అత్తగారు అవన్నీ లోపల పెట్టించారు.

ఇక గడియారాల సంగతి. ఆ ఏడాది పాలస్తీనాలో వేసవి గంట మార్పుని రంజాన్ అయ్యేదాకా వాయిదా వేశారు, ఇజ్రాయెల్‌లో మార్చి 24నే మార్చేశారు. దాంతో మాకూ జెరూసలేంకీ పదిహేను కిలోమీటర్ల దూరంలో గంట తేడా. చెక్‌పాయింట్ దగ్గర నా ఫోన్ ఒకసారి ఆరు అంటుంది, ఒకసారి ఏడు అంటుంది, ఏ టవర్ దొరికితే ఆ టైమ్. వ్యాన్ అతను రమ్మన్న టైమ్ ఎవరి లెక్కలో అని ముందే అడగండి. మేం అడిగాం.

తెల్లవారకముందే సహరీ తిని, ఫజర్ నమాజు అయ్యాక మా లెక్కలో అయిదున్నరకి బయల్దేరాం. సర్వీసు టాక్సీలో (నలుగురైదుగురు కలిసి ఎక్కేది) జెరూసలేం దారిలో ఉన్న కలందియా చెక్‌పాయింట్ దగ్గర దిగాం. అప్పటికే ఆడవాళ్ల వరస చాలా దూరం ఉంది. ఆడవాళ్లకి వేరే దారి, మగవాళ్లకి వేరే దారి. వెస్ట్ బ్యాంక్ ఉత్తరాన ఉన్న జెనీన్ నుంచి, నాబ్లుస్ నుంచి అర్ధరాత్రి బస్సెక్కి వచ్చినవాళ్లు కూడా ఉన్నారు, ముసలమ్మలు ఎంబ్రాయిడరీ గౌన్లు కట్టుకుని పెళ్లికి వచ్చినట్టు. మా వంతు రావడానికి గంటన్నర పైనే పట్టింది. కదిలితే వేగంగా కదులుతుంది, ఆగితే ఎందుకు ఆగిందో ఎవరికీ తెలియదు. చిన్నాడికి బాత్రూమ్ అవసరం పడింది, వరసలో వెనకావిడ “వెళ్లి రా, నీ చోటు నేను చూస్తా” అంది. నీళ్లు తాగించకుండా తీసుకెళ్లండి అని చెప్పలేను గానీ, వరసలో నిలబడే ముందే పని కానివ్వండి.

నాకు మాత్రం కడుపులో తిప్పుతూనే ఉంది. పన్నెండేళ్లకి పైగా ఇలాంటి గేటు చూస్తే పక్క సందులోకి తప్పుకున్న మనిషిని. ఇప్పుడు నా అంతట నేను దాని ముందు నిలబడి, చేతిలో కార్డు పట్టుకుని ఉన్నాను. లోపలి అమ్మాయికి ఇరవై ఏళ్లు కూడా ఉండవు. కార్డు చూసింది, నా మొహం చూసింది, పుట్టిన చోటు చదివి “హోదూ?” అంది, అంటే ఇండియానా అని. అవునన్నాను. కంప్యూటర్‌లో ఏదో చూసింది. పిల్లల సర్టిఫికెట్లు అడిగింది, చిన్నాడి పుట్టిన తేదీ మీద వేలు పెట్టి లెక్కవేసుకుంది. పొమ్మంది. అంతే. ఆ ఒక్క నిమిషంలో నా వీపంతా తడిసిపోయింది.

పక్క వరసలో ఒకావిడతో పొడుగ్గా ఉన్న అబ్బాయి ఉన్నాడు. పన్నెండే అని ఆవిడ చెబుతోంది, కాగితం తేలేదు. వెనక్కి పంపేశారు. ఆవిడ కూడా వెళ్లిపోయింది. అందుకే ఒరిజినల్స్ అని రాశాను.

అల్-అక్సాలో గడిపిన పూట గురించి ఎక్కువ రాయను, కానీ అది సాకు కాదని చెప్పాలి. మేం నిజంగానే నమాజుకి వెళ్లాం. అత్తగారు అల్-అక్సా ఆవరణలో ఒక ఆలివ్ చెట్టు కింద కూర్చుని గంటలసేపు కదల్లేదు. లక్షల జనం. మా అమ్మాయికి అది మొదటి రంజాన్ ఉపవాసాలు, ఎండలో పెదాలు ఎండిపోయినా వద్దంటే వినలేదు. నమాజయ్యాక పాత నగరం గేటు బాబ్ అల్-అమూద్ గుండా బయటికి రావడానికే చాలాసేపు పట్టింది. పిల్లల జేబుల్లో మావారి నంబరు రాసిన కాగితాలు పెట్టాను, మీరూ పెట్టండి.

అక్కడి నుంచి యాఫాకి వ్యాన్. శుక్రవారం మధ్యాహ్నం దాటాక సబ్బాత్ కోసం ఇజ్రాయెల్ బస్సులు ఆగిపోతాయి. వెళ్లడానికి దొరికినా రావడానికి దొరకదు. కాబట్టి జెరూసలేం అరబ్బుల వ్యాన్లే గతి. రానూపోనూ తలకి 60 షెకెల్‌లు (ఇక్కడ నడిచే ఇజ్రాయెల్ డబ్బు), పిల్లలకి 40 పడింది. మావారి స్నేహితుడు ముందే మాట్లాడి పెట్టాడు. ఇంకోటి నిజాయితీగా చెప్పాలి. మాకిచ్చిన అనుమతి జెరూసలేంలో నమాజు కోసం. అత్తగారి వయసుకి అప్పట్లో ఎక్కడికైనా వెళ్లొచ్చు, నాకు ఆ అనుమతి యాఫా దాకా చెల్లదు. వేలాది ఆడవాళ్లు ఆ రోజు అలాగే వెళ్లారు, చాలావరకు ఎవరూ ఆపలేదు. ఆపితే వెనక్కి పంపొచ్చు, డ్రైవర్‌కీ చిక్కే. ఆ భయం ఉంటుందని తెలిసే బయల్దేరాం.

కొండలు దిగే దారిలో రోడ్డు పక్కన 1948 నాటి తుప్పుపట్టిన సైనిక వాహనాలు ఇప్పటికీ పెట్టి ఉంచారు. అవి దాటాక నేల చదునైపోతుంది. గాలి బరువెక్కుతుంది, అది నాకు ముందు తెలిసింది. మా చీరాల గాలి. కిటికీ తీయమన్నాను. కుడివైపు విమానాలు దిగుతున్నాయి, నేను ఎక్కకూడని విమానాశ్రయం. గంట పైన కొంచెం పట్టింది మొత్తం. మావారి చిన్నప్పుడు నేరుగా రమల్లా నుంచి ఇంతకన్నా త్వరగా వచ్చేసేవారట.

వ్యాన్ యాఫా గడియార స్తంభం దగ్గర ఆగింది. సముద్రం వైపు సందు తిరగ్గానే పిల్లలిద్దరూ నిలబడిపోయారు. మా పిల్లలకి మృత సముద్రం తెలుసు, అక్కడ ఎదురుగా జోర్డాన్ కొండలు కనిపిస్తాయి. మా అమ్మాయి “అవతలి వైపు ఏదమ్మా?” అంది. లేదన్నాను. ఉంది గానీ చాలా దూరం, కనిపించదు అన్నాను. నమ్మనట్టు చెయ్యి నుదుటికి అడ్డం పెట్టుకుని చూసింది. దాని జీవితంలో ఎటు చూసినా కొండో, గోడో, దాని మీద ఒక కట్టడమో చూపుకి అడ్డం వస్తుంది. అడ్డం లేని వైపు ఒకటి ఉండటం దానికి కొత్త.

చిన్నాడు ముందు నీళ్లలోకి దిగనన్నాడు. మృత సముద్రంలో ఒకసారి కళ్లలో నీళ్లు పడి మంటకి ఏడ్చాడు, సముద్రం అంటే మండేది అని వాడి లెక్క. ఇది మండదురా అని నేను నా చెయ్యి ముంచి మొహం కడుక్కుని చూపించాను. ఒక వేలు ముంచాడు. తర్వాత కాలు. తర్వాత అల వచ్చి మోకాళ్లకి తగిలితే కేక పెట్టి నవ్వాడు, ఇక బయటికి రమ్మంటే రాడు. నీళ్లు చల్లగా ఉన్నాయి, ఇద్దరి పెదాలూ నీలం తిరిగాయి. ఒక అలకి మా అమ్మాయి నోట్లోకి ఉప్పునీళ్లు వెళ్లాయి. పాపం అది నీళ్లలోంచి పరిగెత్తుకొచ్చి, ఏడుస్తూ, నా ఉపవాసం పోయిందా అని నానమ్మని అడిగింది. “కావాలని మింగావా? లేదుగా. ఉమ్మేసి వెళ్లి ఆడుకో,” అన్నారు ఆవిడ.

పిల్లల చెయ్యి వదలకండి. ఇది పెద్దరికం కోసం చెప్పడం లేదు. కొండల్లో పెరిగిన పిల్లలకి అలలు తెలియవు, ఈత రాదు, ఎదిగిన కుర్రాళ్లకి కూడా రాదు, మునిగిపోయిన వార్తలు ప్రతి వేసవిలో వింటూనే ఉంటాం. నేను వాడరేవులో పెరిగినదాన్ని కాబట్టి కాళ్ల కింద ఇసుక లాగుతుంటే ఎలా నిలబడాలో తెలుసు. అదే వాళ్లకి నేర్పాను, అడ్డంగా నిలబడు, మడమలు గుచ్చు అని. తెలుగులోనే చెప్పాను. పిల్లలతో నేను తెలుగే మాట్లాడతాను. పైగా ఆ రోజు ఒడ్డు నిండా పోలీసులు, ముందు వారం ఘటన వల్ల, అరబ్బీ గట్టిగా మాట్లాడటానికి మనసొప్పలేదు.

అత్తగారు మన్షియ్యా చూడాలన్నారు. ఆవిడ శిబిరంలో పుట్టారు గానీ వాళ్ల అమ్మానాన్నలది యాఫాకి ఉత్తరాన ఉన్న మన్షియ్యా పేట. 1948 ఏప్రిల్ చివర్లో యూదుల సాయుధ దళం ఇర్గున్ ఆ పేట మీద పడ్డప్పుడు బయటపడ్డారు. ఇప్పుడు అక్కడ పేట లేదు. ఇళ్లు పడగొట్టి, ఆ రాళ్లూ రప్పలూ ఒడ్డుకి నెట్టి, పైన పచ్చిక పెంచి పార్కు చేశారు. మిగిలిన కొద్దిట్లో ఒకటి 1916లో కట్టిన హసన్ బేక్ మసీదు. వ్యాన్ అతను అటు వద్దమ్మా, పోలీసులు ఎక్కువ అన్నాడు. ఆవిడ వినలేదు. ఆవిడ మోకాళ్ల నొప్పితో చాలా మెల్లగా వెళ్లాం. మసీదు మినార్ దగ్గర నిలబడి, అక్కడి నుంచి సముద్రం వైపు అడుగులు లెక్కపెడుతూ నడిచారు. వాళ్ల నాన్న చెప్పిన లెక్క అట. ఒకచోట ఆగి “ఇక్కడా? ఇంకొంచెం అటా?” అని తనలో తను అనుకున్నారు. పచ్చిక మీద ఎవరో కుక్కతో బంతాట ఆడుతున్నారు. ఆవిడ ఏడవలేదు. చిన్నాడిని పిలిచి “మీ ముత్తాత పొద్దున్నే ఇక్కడి నుంచి చెప్పుల్లేకుండా సముద్రానికి వెళ్లేవాడు,” అని చెప్పారు. వాడు వెంటనే చెప్పులు విప్పేశాడు.

తిరిగి వచ్చేటప్పుడు ఒడ్డున బెంచీ దగ్గర, చక్రాల కుర్చీలో ఒక ముసలావిడ, పక్కన చున్నీ కప్పుకున్న మనిషి. నేను చిన్నాడిని “ఆగరా, పరిగెత్తకు” అన్నానో లేదో ఆమె గభాల్న తిరిగింది. “తెలుగోళ్లా? ఏ ఊరమ్మా మీది?” అంది. ఆమెది జగిత్యాల వైపు. కేర్‌గివర్‌గా వచ్చి చాన్నాళ్లయిందట, ఆ వైపు నుంచి ఇక్కడ పనిచేసేవాళ్లు చాలామందే ఉన్నారు. మేం రమల్లా నుంచి అంటే అది ఎక్కడో ఆమెకి తెలియలేదు. కొండ మీద, ఇక్కడి నుంచి గంట అన్నాను. “గింత దగ్గరుండి ఒక్కపారి గూడ పోరగాండ్లను తోలుకరాలే?” అంది. నిలదీసినట్టు కాదు, ఆశ్చర్యంగానే. ఎందుకో చెప్పాను. ఇజ్రాయెల్ కట్టిన గోడ గురించి, పర్మిట్ల గురించి, మావారి గురించి, పదమూడేళ్ల పెద్దాడి గురించి. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత “నేను వారం వారం వస్త ఈడికి” అని మాత్రం అంది.

మా సిమ్‌లో అక్కడ డేటా రాలేదు. వెళ్లేవాళ్లు ఇది గుర్తుపెట్టుకోండి, ఇంట్లో వాళ్లకి చూపించాలంటే ఇజ్రాయెల్ సిమ్ ఎవరి దగ్గరైనా అడిగి తీసుకెళ్లాలి. ఆమే తన ఫోన్ హాట్‌స్పాట్ ఇచ్చింది. వీడియో కాల్ చేశాను. మావారు తీయగానే “కెమెరా తిప్పు” అన్నారు. తిప్పాను. ఎడమకి, ఇంకా ఎడమకి, ఆ పాత ఊరి గుట్ట కనిపించేదాకా, ఆ రాళ్లు ఉన్నాయా, అక్కడే దూకేవాళ్లం అంటూ ఆయన అడుగుతూనే ఉన్నారు. పెద్దాడిని పిలవండి అన్నాను. వచ్చాడు, ఒక నిమిషం చూశాడు, “గాలి చప్పుడు ఎక్కువగా ఉందమ్మా, వినపడట్లేదు” అని వెళ్లిపోయాడు.

సూర్యుడు నీళ్లలోకి దిగే వేళకి ఇసుకంతా దుప్పట్లే. అప్పుడు చుట్టూ చూస్తే నాకు అర్థమైంది. హెబ్రోన్ వాళ్లు, నాబ్లుస్ వాళ్లు, తుల్‌కర్మ్ వాళ్లు, అందరూ మాలాంటి వాళ్లే, అమ్మలు, నానమ్మలు, చిన్నపిల్లలు, అక్కడక్కడా తెల్లగడ్డం తాతలు. నాన్నలు లేరు. అన్నలు లేరు. యాఫాలోనే ఉండే, ఇజ్రాయెల్ పౌరులైన అరబ్బు కుటుంబాల్లో మాత్రం నాన్నలు పిల్లల్ని భుజాల మీద ఎక్కించుకుని నీళ్లలోకి వెళుతున్నారు, మా చిన్నాడు అటే చూస్తున్నాడు. అనుమతి ఇచ్చాం అని వాళ్లు ప్రకటిస్తారు, నిజమే ఇచ్చారు, ఒక్కో ఇంట్లో సగం మందికి ఇచ్చారు. ఏ ఇల్లూ మొత్తంగా సముద్రం దగ్గర నిలబడలేదు. గాజాలో ఉన్న మావారి చిన్నాన్న పిల్లలకి ఇంటి ముందే ఇదే సముద్రం, అప్పటికి వాళ్లు పడవలో కొన్ని మైళ్లు దాటి వెళ్లడానికి లేదు, ఒడ్డు వదిలి మా ఇంటికి కూడా రావడానికి లేదు.

ఏడు దాటిన కాసేపటికి, అక్కడి గడియారంలో, యాఫా మసీదు నుంచి అజాన్ వినిపించింది. ఖర్జూరంతో పాటు ఇసుక కూడా నోట్లోకి వెళ్లింది. పక్క దుప్పటి వాళ్లు చారు ఇచ్చారు, మేం కిబ్బె ఇచ్చాం. జగిత్యాల ఆవిడకి పెట్టి ఇద్దామంటే అప్పటికే వెళ్లిపోయింది.

ఎనిమిదిన్నరకి వ్యాన్. వచ్చేటప్పుడు గేటు దగ్గర ఎవరూ ఏమీ అడగరు, తిరుగుడు గేటు తోసుకుని వచ్చేయడమే. మా లెక్కలో తొమ్మిదిన్నర దాటాక ఇల్లు చేరాం. మొత్తం ఖర్చు దాదాపు 330 షెకెల్‌లు, అంటే మన డబ్బులో ఏడు వేల పైచిలుకు. పిల్లలకి యాఫాలో కొనిపెట్టిన బంతీ, స్వీట్లూ దాంట్లోనే. మావారికి రోజు కూలీ లెక్కన చూస్తే రెండు రోజుల సంపాదన.

పెద్దాడు మేలుకునే ఉన్నాడు. నాతో మాట్లాడలేదు. తెల్లారి చిన్నాడిని పక్కన కూర్చోబెట్టుకుని అన్నీ అడిగాడు, ఎంత లోతు, ఎంత చల్లన, అల కొడితే నొప్పి పుడుతుందా అని. ఆ తర్వాత రోజు వంటింట్లోకి వచ్చి “పర్మిట్ లేకుండా వెళ్లాలంటే 55 కదా, నాకు 2065లో వస్తాయి” అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. 2020 వేసవిలో తుల్‌కర్మ్ దగ్గర కంచెలో కంతల గుండా వేల మంది సముద్రానికి వెళ్లొచ్చారు, సైనికులు చూస్తూ ఊరుకున్నారు. వాడి స్నేహితులు ఆ కథలు చెబుతుంటారు. ఇప్పుడు అలా వెళ్లిన కుర్రాళ్ల మీద కాల్పులు జరుగుతున్నాయి. కంత మాట ఈ ఇంట్లో ఎత్తొద్దని వాడి చేత ఒట్టు వేయించుకున్నాను.

2023 జూన్ చివర్లో బక్రీద్. ఆ పండక్కి కొన్ని కుటుంబాలకి పర్మిట్లు ఇస్తారని విని మే మొదటి వారంలో మావారికీ పెద్దాడికీ కలిపి పెట్టాం. మావారికి పర్మిట్ కోసం కావాల్సిన మాగ్నెటిక్ కార్డు గడువు అయిపోయి ఉంది, ముందు అది చేయించుకోవడానికే ఒక పూట పని పోయింది. వేలిముద్రలు, ఫొటో. తర్వాత ‘అల్-మునస్సిఖ్’ అనే ఫోన్ యాప్‌లో వివరాలు. కారణం అనే గడి దగ్గర ఆయన చాలాసేపు ఆగారు. వైద్యం, వ్యాపారం, పని, చుట్టరికం ఇలా ఉంటాయి, సముద్రం అని ఏమీ ఉండదు. యాఫాలో అత్తగారి పినతల్లి మనవలు ఉన్నారు, వాళ్ల పేరు మీద చుట్టరికం అని పెట్టాం. అది అబద్ధం కాదు. పెట్టిన కొద్ది రోజులకే గాజా మీద అయిదు రోజుల యుద్ధం జరిగింది, అప్పటి నుంచి అన్నీ ఆగాయని కొందరు, నడుస్తున్నాయని కొందరు అంటున్నారు. యాప్‌లో ఇది రాస్తున్న రోజు పొద్దున కూడా ‘పరిశీలనలో ఉంది’ అనే ఉంది.

ఈలోపు పెద్దాడిని రమల్లాలో ఈత నేర్పే చోట చేర్చాం, నెలకి 200 షెకెల్‌లు. జూన్ 20 దాకా యాప్‌లో ఏమీ మారకపోతే మావారు స్వయంగా వెళ్లి పర్మిట్ ఆఫీసు కిటికీ దగ్గర అడుగుతానంటున్నారు. వరస తెల్లవారుజామునే మొదలవుతుందట, ముందు రోజు రాత్రే వెళ్లి పేరు రాయించుకోవాలట.